సరిహద్దులో బస్సు దిగిన ఆంటీ

ఆఫీసు వంటగదిలో మైక్రోవేవ్ ముందు నిలబడి మధ్యాహ్నం అన్నం వేడి చేసుకుంటుండగా మెసేజ్ వచ్చింది. మెల్‌బోర్న్ నుంచి, క్లేటన్ ఆంటీ కొడుకు పంపాడు. ఇంగ్లీషులో మూడు ముక్కలు. అమ్మ మంగళవారం పొద్దున పోయింది. శుక్రవారం అంత్యక్రియలు. ఎవరెవరికి చెప్పాలో అమ్మ ముందే లిస్టు రాసిపెట్టుకుంది, అందులో మీ పేరు మూడోది.

మైక్రోవేవ్ ఆగి కూత పెడుతూనే ఉంది. వెనక నిలబడ్డ తోటి ఉద్యోగి ‘యూ రైట్?’ అని రెండోసారి అడిగేదాకా నేను దాని తలుపు తెరవలేదు. తెరిచాక కూడా అందులో ఉన్న డబ్బా నాదేనని గుర్తుపట్టడానికి కొంచెంసేపు పట్టింది.

పది రోజుల కిందటే మాట్లాడాను. పెరట్లో నిమ్మచెట్టు ఈ ఏడు సరిగా కాయలేదని, పక్కింటి పిల్లి దాని మొదట్లోనే పడుకుంటోందని, అందుకే చెట్టు అలిగిందని చెప్పింది. ఒంట్లో బాగాలేదన్న మాట ఒక్కటీ లేదు. అయినా ఆమె అలాంటి మాటలు చెప్పే మనిషి కాదు.

పేరు రాయను. కాగితాల మీద తన పేరు కనబడటం ఆమెకి ఇష్టం ఉండేది కాదు. కరెంటు బిల్లు కూడా చనిపోయిన భర్త పేరు మీదే ఉంచింది. మాకు ఆమె ఆంటీ, అంతే. మెల్‌బోర్న్ శివారు క్లేటన్‌లో మా యూనివర్సిటీకి పది నిమిషాల నడకలో ఆమె ఇల్లు. ముందు గది తనది. వెనక రెండు గదుల్లో ముగ్గురం తెలుగమ్మాయిలం అద్దెకుండేవాళ్ళం.

మొదటిసారి గది చూడటానికి వెళ్ళినప్పుడు తలుపు తీసి, నా వైపు కాకుండా పోస్టు డబ్బా వైపు చూస్తూ ‘పొడుగు పిల్లవే’ అంది. ఈమెకి మర్యాద తెలియదనుకున్నాను. తర్వాత తెలిసింది, ఆమె చూపుకి సరిగ్గా మధ్యలో మచ్చ పడిందని. ఎదురుగా ఉన్నది కనబడదు, పక్కల ఉన్నది కనబడుతుంది. మన ముఖం చూడాలంటే ఆమె ముఖం తిప్పుకోవాలి. నా కళ్ళలోకి సూటిగా చూస్తోందంటే నన్ను చూడటం లేదన్నమాట. కొత్తవాళ్ళు నొచ్చుకునేవాళ్ళు. ఆమె ఎవరికీ సర్దిచెప్పేది కాదు.

ఆమె తెలుగు తీరిగ్గా విన్న రోజు నేను నవ్వాపుకోలేకపోయాను. ‘ఏటే పిల్లా, బువ్వ తిన్నావేటి?’ అంది. మాది చీరాల. ఆ మాట తీరు విశాఖపట్నం అవతల ఎక్కడిదో అనుకున్నాను. కానీ ఆమె ఆంధ్రదేశం ఎన్నడూ చూడలేదు. పుట్టింది ఫిజీలో, నాండి ఊరి దగ్గర చెరకు తోటల్లో. గిర్మిట్ అనే తోటకూలి ఒప్పందం కాగితం మీద వేలిముద్ర వేసి ఓడెక్కిన తాతలు తెచ్చిన తెలుగు అది. దానికి ఫిజీ హిందీ కలిసింది, ముప్ఫై ఏళ్ళ ఆస్ట్రేలియా ఇంగ్లీషు కలిసింది. లెక్క హిందీలో పెట్టేది, కసురుకోవడం ఇంగ్లీషులో, తిండి మాత్రం తెలుగులోనే.

ఏది తగిలినా క్షమాపణ చెప్పేది. కుర్చీ తగిలితే ‘సారీ డార్లింగ్’, తలుపు తగిలితే ‘సారీ డార్లింగ్’. మా ముగ్గురిలో ఒకమ్మాయిది నల్గొండ. ‘ఆంటీ, కుర్చీకి సారీ ఎందుకు చెప్తున్నరు?’ అని అడిగింది ఒకసారి. ‘అదేటి తప్పు సేసింది? కళ్ళు నేనిది నాకు గదా’ అంది ఆంటీ. సూపర్‌మార్కెట్‌లో క్యూ కడితే వెనక వచ్చిన ప్రతివాళ్ళనీ ముందుకు పంపేది. ‘యూ గో, డార్లింగ్, యూ గో.’ పాలడబ్బా ఒక్కటి కొనడానికి అరగంట నిలబడేవాళ్ళం. నాకు చిరాకు పుట్టేది. ఇంత మెత్తటి మనిషి లోకంలో ఎలా నెగ్గుకొచ్చిందా అనుకునేదాన్ని.

ఒక్క విషయంలో మాత్రం మెత్తన కాదు. కొత్తగా ఏది ఎదురైనా ‘ఏటి కనబడతంది, సెప్పు’ అని అడిగేది. ‘బాగుంది’ అంటే ఒప్పుకునేది కాదు. ‘బాగుంది అన్నది నీ మాట. నాకు రంగు సెప్పు, ఎంత పొడుగో సెప్పు. బాగుందో నేదో నేను సూసుకుంటాను’ అనేది. పబ్లిక్ హెల్త్ చదవడానికి వచ్చిన నేను ఆ రెండేళ్ళలో యూనిలో నేర్చుకున్నదానికంటే ఆమె పక్కన నడుస్తూ చూడటం ఎక్కువ నేర్చుకున్నాను.

డాక్టరు ఇంకో రెండేళ్ళు అన్నాడు. ఆ తర్వాత పక్క చూపు కూడా మసకబారుతుందన్నాడు. సిడ్నీలో, ఎడ్మండ్‌సన్ పార్క్‌లో ఉండే కొడుకు ఆ వారాంతమే వచ్చాడు. తల్లి పక్కన సోఫాలో కూర్చుని, ‘అమ్మా, వాట్ డు యూ వాంట్ టు సీ? ఎనీథింగ్’ అని అడిగాడు. నేను వంటగదిలో గిన్నెలు తుడుస్తున్నాను. కాశీ అంటుందనుకున్నాను. కాకపోతే నాండి అంటుందనుకున్నాను.

ఆమె ఒక సరస్సు పేరు చెప్పింది. అక్షరం అక్షరం ఇంగ్లీషులో కూడబలుక్కుని చెప్పింది.

చిన్నప్పుడు ఆమె చదివిన బడి గోడకి చక్కెర మిల్లువాళ్ళ క్యాలెండర్ ఒకటి ఉండేదట. ఏళ్ళ తరబడి అదే క్యాలెండర్, తేదీలు చెల్లిపోయినా తీయలేదట. దాని మీద రెండు కొండల మధ్య పచ్చటి నీళ్ళు, నీళ్ళ ఒడ్డున ఎర్ర గుమ్మటాల తెల్ల చర్చి. కింద ఆ సరస్సు పేరు. ‘నీళ్ళు అంత పచ్చగా ఉంటాయేటి? ఎవుడో రంగేసినాడు’ అని తోటిపిల్లలు అనేవాళ్ళట. ఉంటాయని ఆమె వాదం. అరవై ఏళ్ళ వయసులో ఆ వాదం తేల్చుకోవాలని ఆమె కోరిక.

ఖర్చంతా కొడుకు పెట్టుకున్నాడు గానీ అతనికి సెలవు దొరకలేదు. నాకు జూలైలో యూని సెలవులు. ఆమెకి చెయ్యి అందించడానికి, రంగులు చెప్పడానికి మనిషి కావాలి. అలా నేను వెళ్ళాను. ఆమెది ఆస్ట్రేలియా పాస్‌పోర్ట్, వీసా అక్కర్లేదు. నాది ఇండియా పాస్‌పోర్ట్. వేలిముద్రలు, బ్యాంకు కాగితాలు, యూని ఉత్తరాలు, రెండు నెలల ఎదురుచూపు. వీసా స్టిక్కర్ పడిన రోజు ఆంటీ నా పాస్‌పోర్ట్ అడిగి తీసుకుని, ఆ పేజీని బొటనవేలితో తడిమి చూసింది. ‘దీన్ని ఒంటిమీంచి తియ్యకు’ అంది. ప్రయాణానికి తన పాస్‌పోర్ట్ కోసం జాకెట్టు లోపల గుడ్డసంచి ఒకటి కుట్టుకుంది. నాకూ ఒకటి కుడతానంది. నేను నవ్వేశాను.

పది రోజుల గుంపు ప్రయాణం. చివరి మజిలీ ఆస్ట్రియాలో సాల్జ్‌బర్గ్. అక్కణ్ణుంచి సరిహద్దు దాటి జర్మనీలోకి వెళ్ళి, సరస్సు చూపించి, సాయంత్రానికి వెనక్కి తెచ్చే ఒక్కరోజు బస్సు. మర్నాడు పొద్దున్నే మా విమానం. అంటే మాకు ఉన్నది ఆ ఒక్క రోజే.

ఆ రోజు ఆమె మూడుసార్లు తల దువ్వుకుంది. బస్సులో ముందు వరస, కిటికీ పక్క సీటు. కిటికీ వైపు చూడాలంటే ఆమె నా వైపు తిరగాలి గనక దారంతా నా ముఖమే చూస్తున్నట్టు కూర్చుంది. గైడు యాభై ఏళ్ళ సన్నటి మనిషి, మెడలో ఎర్ర స్కార్ఫు, ప్రతి మలుపుకీ ఒక హాస్యం. పల్లెలు వచ్చాయి. ‘సెప్పు’ అంది ఆంటీ.

‘ఆవులు ఆంటీ. ఇటుక రంగు. వీపు మీద తల నుంచి తోకదాకా తెల్లగా ఒకటే చార.’

‘మెడలో గంటలున్నాయా?’

‘ఉన్నాయి.’

‘ఇళ్ళు?’

‘చెక్క ఇళ్ళు. కిటికీల కింద తొట్లలో ఎర్ర పూలు, ప్రతి కిటికీకీ.’

‘ఎంత ఎరుపు? మిరపకాయా, కుంకుమా?’

‘పండు మిరపకాయ.’

ఆమె తృప్తిగా తలూపింది.

మధ్యలో ఉప్పు గనుల ఊరొకటి వచ్చింది. పూర్వం ఈ చుట్టుపక్కల ఊళ్ళన్నీ ఈ ఉప్పుతోనే బతికాయని గైడు చెప్పి, గులాబీరంగు ఉప్పుగడ్డ ఒకటి అందరికీ చూడమని ఇచ్చాడు. అందరూ ఫోటోలు తీసుకున్నారు. ఆంటీ చేతికి రాగానే నాలుకతో నాకి చూసి, ‘ఉప్పే’ అని వెనక్కిచ్చేసింది. బస్సంతా నవ్వింది. ఆమె కూడా నవ్వింది. ఆమెను అంత సంతోషంగా నేను ముందెన్నడూ చూడలేదు.

ఆ ఊరు దాటాక గైడు మైకు తీసుకుని, ‘ఇప్పుడు ఇంకో దేశంలోకి వెళ్తున్నాం. సరిహద్దు చూడాలనుకునేవాళ్ళు కన్ను ఆర్పకండి, ఆర్పితే దాటిపోతుంది’ అన్నాడు. దాటిపోలేదు. వాగు పక్కన ఇరుకు రోడ్డు మీద పోలీసులు బస్సును పక్కకి ఆపించారు. ఇలా అప్పుడప్పుడూ చూస్తారని, అయిదు నిమిషాల పనేనని గైడు చెప్పాడు. పాస్‌పోర్ట్‌లు దగ్గర ఉంచుకోమని ముందురోజు అతను మాకు రెండుసార్లు చెప్పాడు కూడా.

గడ్డం ఉన్న కుర్ర పోలీసు ఒకతను బస్సెక్కి, మర్యాదగా, ముందు వరస నుంచే మొదలుపెట్టాడు. ఆంటీ జాకెట్టు లోంచి తన పాస్‌పోర్ట్ తీసింది. నేను బ్యాగు తెరిచాను. లోపలి జిప్పు తెరిచాను. అప్పుడు తెలిసింది. పొద్దున ఆంటీ కంటి మందు, భూతద్దం, స్వెటరు పట్టడం లేదని పెద్ద బ్యాగులోకి మార్చాను. పాస్‌పోర్ట్ చిన్న బ్యాగులో, హోటల్ గదిలో, మంచం మీద ఉంది.

ఫోన్ తీసి వెతికాను. ఫోన్లో ఫోటో ఉంది గానీ మొదటి పేజీదే, వీసా పేజీ లేదు. ఆ పోలీసు నన్ను కసరలేదు. కిందికి దిగాలన్నాడు, హోటల్‌కి ఫోన్ చేసి వీసా పేజీ తెప్పించి చూస్తామన్నాడు, గంటో రెండు గంటలో పడుతుందన్నాడు. గైడు వాచీ చూసుకున్నాడు. సరస్సులో పడవకి టైముంది, బస్సు ఆగడానికి లేదు. అతను ఆంటీ వైపు వంగి, ‘మేడమ్, మీరు కూర్చోండి. నేనే చెయ్యి పట్టుకుని అంతా చూపిస్తాను. సాయంత్రం తిరిగొచ్చేటప్పుడు ఈ అమ్మాయిని ఎక్కించుకుందాం’ అన్నాడు.

అది న్యాయంగానే తోచింది. తప్పు నాది. సరస్సు ఆమెది. నేను లేచి, ‘మీరు వెళ్ళండి ఆంటీ. నేను వెనక వస్తాను’ అన్నాను.

ఆ మాటతో ఆమె ముఖం మారిపోయింది. ఎలా చెప్పాలి. రంగు చెప్పమనేది కదా ఆమె, రంగే చెబుతాను. బూడిదరంగు. ఆమె ఒక్కసారి నా కళ్ళలోకి సూటిగా చూసింది. అంటే నన్ను చూడటం లేదు.

‘నేదు’ అని లేచి నిలబడింది. గైడు ఏదో అనబోయాడు. ‘నో. ఐ యామ్ గెట్టింగ్ డౌన్’ అంది. అంత గొంతు ఆమెలో ఉందని నాకు తెలియదు. మా ఎదురు సీటాయన మోకాళ్ళకి గుద్దుకుంది, డ్రైవరు పక్కన ఉన్న కడ్డీకి గుద్దుకుంది, ఒక్కదానికీ సారీ చెప్పలేదు. నాకంటే ముందు దిగింది. దిగి, ఆ పోలీసుకి తన పాస్‌పోర్ట్ రెండు చేతులతో చాచి, ‘టేక్ మైన్. యూ కీప్ మైన్’ అంది. అక్కర్లేదని అతను చెబుతున్నా చెయ్యి దించలేదు. ‘షీ ఈజ్ మై సిస్టర్’ అంది.

అతను ఆమె వైపు చూశాడు, నా వైపు చూశాడు. ఆమెకి అరవై, నాకు ఇరవై నాలుగు. భయంలో మాట తప్పిందనుకున్నాను. ‘ఆంటీ, డాటర్ అనబోయారా?’ అని తెలుగులో అడిగాను. ఆమె వినిపించుకోలేదు. ‘సిస్టర్’ అంది మళ్ళీ.

బస్సు మమ్మల్ని వదిలి వెళ్ళిపోయింది.

రోడ్డు పక్క డబ్బాలాంటి ఆఫీసు ముందు బెంచీ మీద కూర్చున్నాం. పోలీసులు టీ ఇచ్చారు. ఆమె తాగలేదు. నేను ఏడుస్తున్నాను. యాభై ఏళ్ళ కోరిక నా మతిమరుపు వల్ల ఇరవై నిమిషాల దూరంలో ఆగిపోయిందని ఏడుస్తున్నాను. ఆమె కాసేపు ఏడవనిచ్చి, ‘ఊరుకో. సరస్సు ఎక్కడికీ పోదు. మడుసులే పోతారు’ అంది.

తర్వాత, నేను అడగకుండానే చెప్పింది. నా వైపు తిరగకుండా చెప్పింది, అంటే నన్ను చూస్తూ చెప్పింది.

ఎనభై ఏడులో ఫిజీలో సైన్యం ప్రభుత్వాన్ని కూల్చి, అక్కడి భారతీయులకి భయం పట్టుకున్నాక భర్త ముందుగా మెల్‌బోర్న్ వచ్చేశాడు. ఆరు నెలలకి ఆమెకీ పిల్లాడికీ కాగితాలు వచ్చాయి. ఆమె చెల్లెలికి కూడా వచ్చాయి. తల్లీ తండ్రీ లేని పిల్ల, ఇరవై రెండేళ్ళది, అక్క దగ్గరే పెరిగింది. ముగ్గురూ కలిసి విమానాశ్రయానికి వెళ్ళారు. క్యూలో చెల్లెలి కాగితం మీద ఏదో ముద్ర తక్కువైందని పక్కన నిలబెట్టారు.

‘ఒక్క ముద్ర, పిల్లా. బూట్ల మడిసి మా ఇద్దరి కాగితాలూ నా సేతిలో పెట్టి, మీరెల్లొచ్చు, ఇది ఉండాలి అన్నాడు. నేను దాని ఏపు సూసినాను. నువ్వెల్లక్కా, నేను ఎనకొస్తాను అంది. ఎల్లిపోయినాను.’

‘మీరు మాత్రం ఏం చేస్తారు ఆంటీ?’

‘ఆగొచ్చు. ఆ రోజు ఆగితే ఇంకోరోజు ఎల్లుందుము. భయమేసింది. తలుపు మూసేస్తారేమోనని భయమేసింది. ఎనక్కి తిరిగి సూడనేదు. అప్పుడు నాకు రెండు కళ్ళూ బాగుండేవి.’

‘తర్వాత ఆమె?’

‘ముద్ర దొరకనేదు. ఎవరింట్లోనో ఉండేది. ఏడాది తిరక్కుండా జ్వరమొచ్చి పోయింది. పోయిన నెలకి ఉత్తరం అందింది.’

చల్లారిన టీ కప్పు ఆమె చేతిలోంచి తీసి పక్కన పెట్టాను. ఓదార్చే వయసు కాదు నాది. కుర్చీకి సారీ చెప్పే మనిషి, క్యూలో అందరినీ ముందుకు పంపే మనిషి, ఇన్నాళ్ళూ దీన్ని మోస్తూ మాకు పప్పు వండి పెట్టింది. ఇప్పుడీ కళ్ళతో, ఈ వయసులో, కావాలనుకున్న ఒకే ఒక్కదాన్ని వదిలేసి, చెల్లెలు కాని చెల్లెలి కోసం బస్సు దిగింది.

రెండు గంటలకి హోటల్ వాళ్ళ దగ్గర నుంచి వీసా పేజీ ఫోటో వచ్చింది. ఆ కుర్ర పోలీసు దాన్ని చూసి, అంతా సరిగానే ఉందని, అయినా పాస్‌పోర్ట్ చేతిలో లేకుండా లోపలికి పంపలేనని, రేపు రమ్మని అన్నాడు. రేపు మాకు లేదని నేను చెప్పలేదు. అతనే సాల్జ్‌బర్గ్ వెళ్ళే మామూలు బస్సు ఆపి మమ్మల్ని ఎక్కించాడు. దిగేటప్పుడు ఆంటీ ‘థాంక్యూ డ్రైవర్ డార్లింగ్’ అంది. ఆమె మళ్ళీ మామూలు మనిషయిపోయింది.

మర్నాడు విమానంలో, ఉండబట్టలేక, ఫోన్లో ఆ సరస్సు బొమ్మ పెట్టి, ‘ఆంటీ, నీళ్ళు నిజంగానే పచ్చగా ఉన్నాయి, చెప్పనా?’ అని అడిగాను. ‘వొద్దు. సూడనిది సెప్పకు’ అంది. ఆ తర్వాత మా మధ్య ఆ రోజు ప్రస్తావన ఎప్పుడూ రాలేదు. మరో ఏడాదికి నాకు పెర్త్‌లో ఉద్యోగం వచ్చింది. పియారా వాటర్స్‌లో ఇల్లు, పెళ్ళి, పాప. నెలకోసారి ఫోన్. ఆమె చూపు పూర్తిగా పోయిందని నాకు తెలుసు. ఆమె దాని గురించీ మాట్లాడలేదు.

శుక్రవారం పొద్దుటి విమానానికి వెళ్ళాను. హాలు నిండా జనం. ఫిజీ నుంచి వచ్చి ఇక్కడ ముసలివాళ్ళయినవాళ్ళు, వాళ్ళ పిల్లలు, క్లేటన్ ఇంట్లో ఎప్పుడెప్పుడో అద్దెకున్న అమ్మాయిలు పదిమంది దాకా. కొడుకు లేచి ఇంగ్లీషులో మాట్లాడాడు. మెల్లగా, కాగితం చూసుకుంటూ. ‘అమ్మ తల్లిదండ్రులకి ఒక్కతే కూతురు. అక్కచెల్లెళ్ళు, అన్నదమ్ములు లేకుండా పెరిగింది. అందుకే ఊళ్ళో ఆడపిల్లలందరినీ ఇంట్లో పెట్టుకుంది’ అన్నాడు.

నేను కూర్చున్న కుర్చీ అంచులు పట్టుకున్నాను.

‘చిన్నప్పుడు క్యాలెండర్లో చూసిన సరస్సుని కళ్ళు పోకముందు చూసింది. నీళ్ళు అచ్చం క్యాలెండర్లో ఉన్నంత పచ్చగా ఉన్నాయని వచ్చి నాకు చెప్పింది. నా జీవితంలో అమ్మకి నేను చేయగలిగింది అదొక్కటే’ అన్నాడు. అని ఏడ్చాడు.

రెండు అబద్ధాలు. రెండూ ఆమెవే. ఆ హాల్లో అవి అబద్ధాలని తెలిసింది నాకొక్కదానికేనని అనుకున్నాను. నోరు మూసుకుని సాయంత్రం విమానానికి వెళ్ళిపోదామనుకున్నాను. ఒకరి తృప్తిని తీసేసే హక్కు నాకెక్కడిది.

బయట కారు పార్కులో అతను డిక్కీలో పూలబుట్టలు సర్దుతున్నాడు. సెలవు తీసుకోవడానికి దగ్గరికి వెళ్ళాను. చేతులు తుడుచుకుని, ‘యూ వర్ విత్ హర్ దేర్. ఒక్కటి చెప్పండి. సరస్సు చూసినప్పుడు అమ్మ ఫేస్ ఎలా ఉంది?’ అని అడిగాడు. అతనికి తెలుగు కొంచెమే వచ్చు. ఆ కొంచెం కూడగట్టుకుని అడిగాడు.

అబద్ధం నోటిదాకా వచ్చింది. చూడనిది చెప్పలేకపోయాను.

‘మేం సరస్సు చూడలేదు. నా వల్ల’ అన్నాను. పాస్‌పోర్ట్ సంగతి, బస్సు సంగతి, పోలీసుతో ఆమె అన్న మాట, బెంచీ మీద చెప్పిన కథ, అన్నీ చెప్పాను. ఎంతసేపు చెప్పానో తెలియదు. కోపగించుకుంటాడనుకున్నాను. అతను కారు అంచు మీద కూర్చుండిపోయాడు.

అతను ఇంగ్లీషులో అన్నాడు: ‘నాకు ఒకటి గుర్తుంది. మూడేళ్ళు కూడా ఉండవేమో. ఎవరిదో చంకలో ఉన్నాను. అమ్మ కాదు. కొబ్బరినూనె వాసన. ఎవరో నన్ను ఆ చంకలోంచి లాగారు. నేను అరిచాను. అప్పుడు ఒక చెయ్యి నా నోరు మూసింది. గట్టిగా. ఊపిరి ఆడలేదు. ఆ చెయ్యి అమ్మది. పెద్దయ్యాక అడిగాను. కల అంది. ఎన్నిసార్లు అడిగినా కల అంది. నాకు నలభై ఏళ్ళు. ఇప్పటికీ ఊపిరాడక లేస్తాను.’

అతను ముఖం చేత్తో తుడుచుకున్నాడు.

‘అమ్మ చెల్లెలు. తెలుగులో నేను ఆమెని ఏమని పిలిచేవాణ్ణి?’

‘పిన్ని.’

‘పిన్ని’ అన్నాడు. సరిగ్గా పలకలేదనుకుని మళ్ళీ అన్నాడు. ‘పేరు?’

‘ఆంటీ చెప్పలేదు. నేను అడగలేదు.’

డిక్కీ అలా తెరిచే ఉంచి అతను హాల్లోకి నడిచాడు. కిటికీ పక్క బల్ల దగ్గర, నాండి వైపు నుంచి వచ్చిన ముసలామె ఒకావిడ టీ తాగుతోంది. ఎనభై పైనే ఉంటాయి. ఆమె ముందు మోకాళ్ళ మీద కూర్చుని, హిందీలో, మా అమ్మకి చెల్లెలు ఉండేదా అని అడిగాడు.

ఆమె కప్పు కింద పెట్టింది. ‘నీకు సెప్పొద్దని మీ అమ్మ మా అందరి సేతా ఒట్టేయించుకుంది’ అంది. కాసేపు పూలదండ వేసిన ఫోటో వైపు చూసింది. తర్వాత అతని తల మీద చెయ్యి పెట్టి, వంగి, చెవిలో ఒక పేరు చెప్పింది.